దూరపు కొండలు: శ్రీపర్వతపు మాయ

మాయాలోకాల కథలన్నింటిలోనూ ఒక కొండల వరుస తప్పక ఉంటుంది. అటు వెళ్ళినవాడు తిరిగి రాడు. వచ్చినా మునుపటి మనిషిగా రాడు. అక్కడి గుహల్లో మాంత్రికులు, రాళ్ళలో బంగారం, చెట్ల వేళ్ళలో చావులేని మందు. చందమామ ధారావాహికలు చదువుతూ పెరిగినవారికి ఆ కొండదారులు చిరపరిచితాలే. 1951లో వచ్చిన ‘పాతాళభైరవి’లో ఉజ్జయిని మీదికి వచ్చిపడిన మాంత్రికుడు నేపాళం వాడు. తెలుగు కథకు ఒక మంత్రగాడు కావలసివస్తే మనవాళ్ళు ఉత్తరాన మంచుకొండల వైపు చూశారన్నమాట. మాయకు దూరం కావాలి మరి! పక్క ఊరి మాంత్రికుణ్ణి ఎవరు నమ్ముతారు?

సరిగ్గా ఇదే అవసరం పదమూడు వందల యేళ్ళ క్రిందట ఉత్తరాది సంస్కృత కవులకు కూడా కలిగింది. వారి ఉజ్జయినికీ, వారి పద్మావతికీ మంత్రగాళ్ళు కావలసివచ్చారు. వారు దక్షిణానికి చూశారు, అనగా మన వైపుకు. వారి కథల్లోని భయంకరమైన మాయాపర్వతం పేరు శ్రీపర్వతం. కృష్ణ ఒడ్డున, నల్లమలలో, శివరాత్రికి మన తాతలు నడిచి వెళ్ళిన కొండే అది. ఒకే కొండ ఒకరికి కాల్పనిక లోకంగాను, మరొకరికి నడిచే దారిగాను, ఇంకొకరికి ఇల్లుగాను ఎట్లా ఉంటూ వచ్చిందో చెప్పడమే ఈ వ్యాసం ఉద్దేశం.

మొదట పేరు సంగతి. నేడు శ్రీశైలమన్నా శ్రీపర్వతమన్నా మనకు మల్లికార్జునుడి గుడి ఉన్న శిఖరమే మనసులో మెదులుతుంది. ప్రాచీన కాలంలో ఆ పేరు ఇంతకంటె విశాలమైనది. 3వ శతాబ్దిలో ఇక్ష్వాకుల రాజధాని విజయపురి, అంటే మన నాగార్జునకొండ లోయలో దొరికిన ప్రాకృత శాసనాలు ఆ చుట్టుపట్ల కొండలనే ‘సిరిపవత’ అన్నాయి. అక్కడ ఉన్నవి బౌద్ధ విహారాలు, చైత్యాలు. పురాణాలు రాజవంశాలను లెక్కపెడుతూ శ్రీపర్వతీయులైన ఆంధ్రులను పేర్కొన్నాయి. తరువాత వచ్చిన విష్ణుకుండి రాజులు తాము శ్రీపర్వతస్వామి పాదభక్తులమని చెప్పుకున్నారు. భారతంలోని అరణ్యపర్వం తీర్థాల వరుసలో శ్రీపర్వతాన్ని దేవితో కూడి మహాదేవుడు నివసించే చోటుగా చెప్పింది. బౌద్ధులకూ శైవులకూ ఉమ్మడియైన ఈ పేరు ఒక్క శిఖరానికి గాక, కృష్ణను ఆనుకుని సాగే కొండల వరుసకే చెల్లినదని అనుకోవడం సబబుగా తోస్తుంది.

ఇక దూరాన ఉన్నవారి శ్రీపర్వతాన్ని చూద్దాం.

7వ శతాబ్ది తొలి సగంలో హర్షవర్ధనుని కొలువులో ఉన్న బాణభట్టు తన ‘హర్షచరితం’ ఆరంభంలోనే రాజును శ్రీపర్వతంతో పోలుస్తాడు. ఆశ్రయించినవారి కోరికలన్నీ సిద్ధింపజేసే శ్రీపర్వతం వంటివాడట హర్షుడు. వివరణ ఏమీ లేకుండా పోలిక విసిరాడంటే కనోజులోని శ్రోతలకు ఆ కొండ మహిమ అప్పటికే తెలిసి ఉండాలి. ఇది పొగడ్త.

అదే బాణుడు ‘కాదంబరి’లో నవ్వు పుట్టించడానికి కూడా శ్రీపర్వతాన్నే వాడుకున్నాడు. ఉజ్జయినికి తిరిగి పోతున్న చంద్రాపీడుడు దారిలో అడవిలోని ఒక చండికాలయంలో ఆగుతాడు. అక్కడ ఒక ముసలి ద్రావిడ ధార్మికుడు ఉంటాడు. ఎవడో మోసగాడు ఇచ్చిన సిద్ధాంజనం పెట్టుకుని ఒక కన్ను పోగొట్టుకున్నాడు. సరిగా కుదరని రసాయనం మింగి జ్వరం తెచ్చుకున్నాడు. లోహాలను బంగారం చేయాలన్న ధాతువాదపు పిచ్చి ఒకటి, బిలాల్లో దూరి పాతాళానికి పోవాలన్న పిచ్చి ఇంకొకటి. దక్షిణాపథ రాజ్యం ఇప్పించమని అమ్మవారిని వేధిస్తుంటాడు. తాటాకుల నిండా మంత్రతంత్రాలు రాసి పోగుచేసుకున్నాడు. శ్రీపర్వతపు వింతలు వేలకొద్దీ చెప్పగలడు. రాకుమారుడు అతణ్ణి చూసి నవ్వాపుకోలేకపోతాడు.

ఈ ముసలివాడి మీద నాకు జాలి తప్ప నవ్వు రాదు. బాణుడు ఏ సరుకుతో రాజును పొగిడాడో అదే సరుకును నమ్మినందుకు ఇతడు నవ్వులపాలయ్యాడు. శ్రీపర్వతం కోరికలు తీరుస్తుందన్నది సభలో ఉపమ. అదే మాట దక్షిణాది పేదవాడి నోట వస్తే వెర్రి. దూరపు కొండను వాడుకోవడంలో ఉన్న రెండు తీరులూ ఒక్క రచయితలోనే కనబడడం విశేషం.

8వ శతాబ్దివాడైన భవభూతి విదర్భవాడు. బాణుని కంటె మనకు దగ్గరివాడు. ఆయన ‘మాలతీమాధవం’లో శ్రీపర్వతం నవ్వులాట కాదు, నిజమైన భయం. అయిదవ అంకంలో కపాలకుండల అనే యోగిని ఆకాశమార్గాన శ్రీపర్వతం నుండి దిగివస్తుంది. ఆమె గురువు అఘోరఘంటుడు శ్మశానం పక్కనున్న చాముండ గుడిలో నాయిక మాలతిని బలి ఇవ్వబోతాడు. మాధవుడు వాణ్ణి చంపి ఆమెను విడిపిస్తాడు. పగబట్టిన కపాలకుండల తరువాత అదను చూసి మాలతిని ఎత్తుకుపోతుంది. ఎక్కడికి? శ్రీపర్వతానికే, ముక్కలు ముక్కలుగా కోసి చంపడానికి. అక్కడ ఆమెను కాపాడినది సౌదామిని. ఈమె ఒకప్పుడు బౌద్ధ భిక్షుణి కామందకికి శిష్యురాలు. ఇప్పుడు శ్రీపర్వతం మీద కాపాలిక వ్రతం పట్టి అద్భుతమైన మంత్రసిద్ధి పొందినది. ఆమె కూడా ఆకాశంలో ఎగిరే వస్తుంది.

చంపబోయిన విద్యా, కాపాడిన విద్యా ఒకే కొండ మీదివి కావడం గమనించదగ్గది. బౌద్ధురాలు కాపాలికురాలైన సంగతిని భవభూతి వింతగా చెప్పలేదు. ఒకప్పటి బౌద్ధ క్షేత్రాల చుట్టూ శైవ తాంత్రిక మార్గాలు పెరిగిన చరిత్రకు ఈ ఒక్క పాత్ర చాలినంత సాక్ష్యం కాకపోయినా, ఆ కాలపు ప్రేక్షకులకు అది నమ్మదగిన సంగతేనని మాత్రం తెలుస్తోంది.

కవులు సరే, కవులకు హద్దులుండవు. యాత్రికుల మాట చూద్దాం. 5వ శతాబ్ది ఆరంభంలో భారతదేశానికి వచ్చిన చైనా భిక్షువు ఫాహియాన్, దక్షిణ దేశంలో కొండను తొలిచి కట్టిన అయిదంతస్తుల విహారం ఒకటి ఉందని రాశాడు. అయితే ఆ దారి ప్రమాదకరమనీ, వెళ్ళదలచినవారు అక్కడి రాజుకు ధనం, కానుకలు ఇస్తే ఆయన మనుషులను తోడు పంపుతాడనీ, తాను మాత్రం వెళ్ళలేక అక్కడివారు చెప్పినది రాస్తున్నాననీ నిజాయితీగా ఒప్పుకున్నాడు. 7వ శతాబ్దిలో వచ్చిన హ్యుయెన్ త్సాంగ్ కూడా అటువంటి విహారాన్నే నాగార్జునుని పేరుతో ముడిపెట్టి చెప్పాడు. ఆయన విన్న కొండ పేరుకు తుమ్మెదతో సంబంధం ఉంది. శ్రీశైలంలో అమ్మవారు భ్రమరాంబ కావడం వల్ల అది శ్రీశైలమే అన్నవారున్నారు, నాగార్జునకొండ అన్నవారూ ఉన్నారు. ఆయన దానిని దక్షిణ కోసలలో పెట్టాడు గనుక ఈ రెండింటికీ దూరాలు అతకవు. పండితులు నేటికీ ఏకాభిప్రాయానికి రాలేదు.

స్థలం సంగతి ఎట్లా ఉన్నా ఆయన చెప్పిన కథ ముఖ్యం. విహారం కడుతూ కడుతూ సాతవాహన రాజు బొక్కసం ఖాళీ అయింది. నాగార్జునుడు పెద్ద బండల మీద ఒక రసపు చుక్కలు చల్లి వాటిని బంగారం చేసి ఇచ్చాడు. ఆయన ఇచ్చిన మందు వల్ల రాజుకు ముసలితనం రాదు. ఎంత కాలం గడిచినా సింహాసనం ఖాళీ కాదు. విసిగిపోయిన రాకుమారుడు వచ్చి, బోధిసత్వులు అడిగినది ఇస్తారు గదా, నీ తల ఇమ్మంటాడు. నాగార్జునుడు ఎండు గడ్డిపోచతో తన తల తానే కోసుకుంటాడు. రాజు ఆ దుఃఖంతో పోతాడు. ఇక విహారంలోని భిక్షువులు తమలో తాము కలహించుకుంటే అది పరుల పాలై, చివరకు లోపలికి పోయే దారి కూడా ఎవరికీ తెలియకుండా పోయిందట. 11వ శతాబ్దిలో కాశ్మీర కవి సోమదేవుడు ‘కథాసరిత్సాగరం’లో ఇదే తల కథను వేరే రాజు పేరుతో చెప్పాడు.

టిబెట్టులో నిలిచిన ఎనభైనలుగురు సిద్ధుల చరిత్రలో మరొక కథ ఉంది. నాగార్జునుడు ఒక కొండను మొదట ఇనుముగా, పిదప రాగిగా మార్చి, బంగారం చేయబోతుంటే మంజుశ్రీ అడ్డుపడ్డాడు. బంగారు కొండ ఉంటే జనం దాని కోసం కొట్టుకు చస్తారని హెచ్చరించాడు. నాగార్జునుడు ఆ పని మాని శ్రీపర్వతానికి వెళ్ళిపోయాడు. ఈ మాటను చదువరులు గుర్తుంచుకోవాలి, చివరలో మళ్ళీ దీని అవసరం ఉంది.

మాధ్యమిక దర్శనం చెప్పిన నాగార్జునుడూ, రసవాదపు నాగార్జునుడూ ఒక్కరు కారని పండితుల మాట. కాని జనం ఇద్దరినీ ఒక్కరిని చేసి కొండకు అప్పగించారు. మధ్యయుగంలో నిత్యనాథ సిద్ధుడు రచించిన ‘రసరత్నాకరం’ ఈ నమ్మకానికి పరాకాష్ఠ. అందులో రసాయన ఖండం చివర శ్రీపర్వతం మీది సాధనల భాగం ఉంది. చదువుతుంటే యాత్రికులకు దారి చెప్పే పుస్తకంలా ఉంటుంది. ఫలానా గుడికి ఫలానా దిక్కున ఇంత దూరంలో ఒక బిలం, అందులో ఇటువంటి రాళ్ళు, వాటిని ఇట్లా వాడితే శరీరం వజ్రమవుతుంది అన్న ధోరణి. మల్లికార్జునం, త్రిపురాంతకం నిజమైన ఊళ్ళే, దిక్కులు నిజమైనవే, ఫలితాలు మాత్రం మాయాలోకానివి.

ఇంతా చేసి ఒక చిన్న సంగతి. రసవాదానికి మూలం పాదరసం. నల్లమలలో పాదరసపు గనులు లేవు. ఈ కొండల అంచుల్లో, కృష్ణా తీరంలో, బనగానపల్లె వైపు వజ్రాలు దొరికిన మాట నిజం. అడవిలో మందుమొక్కలు మెండు. సున్నపురాతి గుహలూ ఉన్నాయి. కాని సిద్ధులు ఏ రసం కోసం ఇక్కడికి వచ్చారంటారో ఆ రసం మాత్రం బయటి నుండి మోసుకురావలసినదే. కొండ కీర్తికి దాని సరుకు కారణం కాదు. లోపలికి పోవడం కష్టం కావడమే అసలు కారణమని నాకు తోస్తుంది. దారి తెలియని చోట ఏమైనా ఉండవచ్చు.

ఇక దారి నడిచినవారి దగ్గరకు వద్దాం. ఇక్కడితో స్వరమే మారిపోతుంది.

13వ శతాబ్దివాడని చెప్పే పాల్కురికి సోమనాథుడు తన ‘పండితారాధ్య చరిత్ర’లో ఒక ప్రకరణాన్ని పూర్తిగా పర్వతానికే కేటాయించాడు. అందులోనూ సిద్ధులున్నారు, యోగులున్నారు, మహిమలున్నాయి. కాని వారి మధ్య జనం ఉన్నారు. గుంపులుగా నడిచేవారు, అలసిపోయేవారు, ఆడేవారు, పాడేవారు. వారు పాడుకునే తుమ్మెద పదాలు, వెన్నెల పదాలు, పర్వత పదాలు వంటి పాటల పేర్లు మనకు దక్కినది ఆ ప్రకరణం వల్లనే. దేశి పాటల చరిత్ర రాసేవారెవరైనా ఆ గుంపు వెనుక నడవవలసిందే. బాణుని శ్రీపర్వతంలో పాట లేదు. అక్కడ మంత్రం ఒక్కటే.

15వ శతాబ్దిలో గౌరన ద్విపదలో ‘నవనాథ చరిత్ర’ రచించాడు. శ్రీశైలంలోని భిక్షావృత్తి మఠాధిపతి కోరగా రాసిన కావ్యమిది. మత్స్యేంద్రుడు, గోరక్షుడు, చౌరంగి మొదలైన సిద్ధుల కథలివి. సారంగధరుని కథ చౌరంగి కథగా ఇందులోనే ఉంది. మాయకు కొదవ లేదు గాని ఇది కొండ మీది మఠం తన కథ తాను చెప్పించుకున్న కావ్యం, బయటివారి ఊహ కాదు. విజయనగర కాలపు శ్రీశైల ప్రాకారం మీద యోగాసనాల్లో ఉన్న సిద్ధుల బొమ్మలు చూస్తే ఈ కథలు అక్కడివారికి ఎంత సన్నిహితాలో అర్థమవుతుంది.

మరి ప్రమాదం? అదీ నిజమే, కాని కవులు చెప్పిన రకం కాదు. 14వ శతాబ్ది చివరి పాదంలో రెడ్డిరాజు అనవేముడు శ్రీశైలంలో వీరశిరోమండపం కట్టించాడు. భక్తావేశంలో వీరశైవులు తమ తలలు, నాలుకలు తామే కోసి సమర్పించుకునే చోటు అది. కపాలకుండల ఎవరినో ఎత్తుకువచ్చి కోయనక్కరలేదు, మనుషులే నడిచివచ్చి తమను తాము ఇచ్చుకున్నారు. నాగార్జునుని తల కథకూ ఈ మండపానికీ సూటి సంబంధం ఉందని చెప్పలేను గాని, రెండూ చదివినవాడికి ఒళ్ళు జలదరించక మానదు. అదే రెడ్డి వంశానికి మూలపురుషుడైన ప్రోలయ వేమారెడ్డి చేసిన పని వేరు. ఆయన శ్రీశైలానికీ అహోబిలానికీ మెట్లు కట్టించాడు. మాయకు విరుగుడు మంత్రం కాదు, మెట్లని నాకనిపిస్తుంది. కాలు మోపడానికి రాయి ఉన్న చోట భయం కొంచెం వెనక్కి తగ్గుతుంది.

1794లో కల్నల్ మెకంజీ, అప్పటికి ఆయన కెప్టెనే, శ్రీశైలం వెళ్ళి గుడి గురించి రాసినది 1798లో అచ్చయింది. ఆయన దానికి పెట్టిన పేరు ‘పర్వతం’, తన ఇంగ్లీషు ఉచ్చారణలో. జనం అట్లాగే పిలిచేవారు మరి. 1830లో ఏనుగుల వీరాస్వామయ్య కాశీకి పోతూ ముందుగా శ్రీశైలం చూశాడు. ఆయన ‘కాశీయాత్ర చరిత్ర’ చదివినవారికి ఆ ధోరణి తెలుసు. ఎక్కడ నీళ్ళు దొరుకుతాయి, ఎక్కడ దిగవచ్చు, బోయీలు ఏమంటున్నారు, పన్ను ఎవరు వసూలు చేస్తున్నారు అన్నవే ఆయనకు కావలసినవి. కందనూరు నవాబు యాత్రికుల మీద సుంకం వసూలు చేయడం ఆ రోజుల్లో శ్రీశైలపు నిజమైన పిశాచం. ఫాహియాన్ విన్న రాజుగారి కానుకలకూ ఈ సుంకానికీ మధ్య పద్నాలుగు వందల యేళ్ళు గడిచాయి, వ్యవహారం మాత్రం మారలేదు!

దూరాన ఉన్నవారూ, నడిచివెళ్ళినవారూ అయ్యారు. మూడవవారు ఆ కొండల్లోనే పుట్టి పెరిగిన చెంచులు. మాయాపర్వతపు కథల్లో వారికి చోటు లేదు. బాణభవభూతులు వారిని ఎరుగరు. నిత్యనాథుని బిలాల జాబితాలో వారి పెంటలు లేవు. యాత్రికుల రాతల్లో దారి చూపేవారిగానో, దారి కాసేవారిగానో కనబడి మాయమవుతారు. 1940లో అమరాబాదు పీఠభూమిలో వారి మధ్య ఉండి పరిశీలించిన హైమెండార్ఫ్ 1943లో పుస్తకం వెలువరించాకనే వారి జీవితం వివరంగా అచ్చుకెక్కింది.

వారి లెక్కలో శ్రీశైల మల్లన్న భయపెట్టే దేవుడు కాడు. చెంచుపిల్లను పెళ్ళాడిన చెంచు మల్లయ్య. అంటే వారికి బావ. అహోబిలంలో నరసింహుడు చెంచులక్ష్మిని పెళ్ళాడాడు గనుక ఆయనా అంతే. మూడు లోకాలనూ గడగడలాడించే దేవుణ్ణి ‘బావా’ అని పిలవగలిగినవారికి కొండ మాయగా కనబడే వీలు లేదు. వారూ కొండను తవ్వుతారు. ఇనుప ములుకు తొడిగిన కర్రతో, ఆ పూట కడుపు నింపే గడ్డల కోసం.

తవ్వకం మాట వచ్చింది గనుక చివరి సంగతి చెప్పాలి. శ్రీపర్వతంలో నిధి ఉందన్న కథ కావ్యాలతో ముగియలేదు. గుప్తనిధుల పేర నల్లమలలోని పాత గుళ్ళను పెకలించే ముఠాల వార్తలు పత్రికల్లో మనం చదువుతూనే ఉన్నాం. ‘కాదంబరి’లోని ముసలి ధార్మికుడికి వీరు దూరపు చుట్టాలు, అయితే అతడు చెడగొట్టుకున్నది తన కన్ను మాత్రమే. ఆ తరువాత పెద్ద నిధి మాట వచ్చింది. 2019లో అమరాబాదు పులుల అభయారణ్యంలో 83 చదరపు కిలోమీటర్ల మేర యురేనియం అన్వేషణ ప్రతిపాదన బయటికి రాగానే చెంచులు, చుట్టుపక్కల ఊళ్ళవారు, రచయితలు, సినిమావారు సైతం ‘నల్లమలను కాపాడండి’ అని గొంతెత్తారు. ఆ సెప్టెంబరులో తెలంగాణ శాసనసభ యురేనియం తవ్వకాలకు వ్యతిరేకంగా ఏకగ్రీవంగా తీర్మానించింది.

యురేనియం విషయంలో లాభనష్టాలు తేల్చేంత శాస్త్రజ్ఞానం నాకు లేదు. నేను చూసేది కథను మాత్రమే. పాదరసం లేని కొండకు రసవాదాన్ని అంటగట్టినప్పుడూ, ఇప్పుడూ, దూరాన కూర్చున్నవారి కంటికి నల్లమల ఒక బొక్కసంగానే కనబడింది. ఈసారి రాళ్ళలో నిజంగానే విలువైనది ఉండవచ్చు. అట్లా ఉంటేనే మంజుశ్రీ హెచ్చరికకు బరువు ఎక్కువ. నాగార్జునుడు బంగారం చేయలేక మానలేదు, చేయగలిగి ఉండీ మానాడు. రాగి దగ్గర ఆగిపోయిన ఆ చేయి నాకు ఈ కథలన్నింటిలోకి గొప్పదిగా తోస్తుంది.

‘దూరపు కొండలు నునుపు’ అన్నారు పెద్దలు. శ్రీపర్వతం విషయంలో దూరం కొండను నునుపు చేయలేదు, కోరలు మొలిపించింది, బంగారం పూసింది. దగ్గరకు పోయినవారికి మెట్లు, చెరువులు, పాటలు కనబడ్డాయి. లోపల ఉన్నవారికి బంధువు కనబడ్డాడు. నాగార్జునకొండ లోయ సాగరం నీటి కింద ఉంది గనుక ఒకనాటి సిరిపవతంలో కొంతభాగాన్ని ఇక ఎవరూ నడిచి చూడలేరు. మిగిలిన దారులు ఉన్నాయి. ఆత్మకూరు వైపు నుండి పెద్దచెరువు, భీమునికొలను మీదుగా పోయే కాలిబాటలో శివరాత్రికీ ఉగాదికీ జనం, ముఖ్యంగా కన్నడ భక్తులు, ఇప్పటికీ నడుస్తున్నారు. వారు ఏ పాటలు పాడుకుంటూ నడుస్తారో, సోమనాథుడు చెప్పిన పర్వత పదాల ఛాయలు ఏవైనా వాటిలో మిగిలాయో లేదో తెలిసినవారు చెబితే వినాలని ఉంది.